కోలారు బంగారు గనుల చరిత్ర రచన – ఒక విమర్శ

కోలారు బంగారు గనులను గూర్చి నూరేండ్లకు పైగా రచనలు వెలువడుచునే యున్నవి. గెజెటీరులు వ్రాసినవారు కలరు. భూగర్భశాస్త్ర నివేదికలు వ్రాసినవారు కలరు. అచ్చట పుట్టి పెరిగి, పిదప దూరదేశములకు వెడలిన ఆంగ్లో-ఇండియనులు తమ బాల్యస్మృతులను గ్రంథస్థము చేసికొనిరి. కార్మికుల పోరాటములను పరిశోధించినవారును కలరు. ఇన్ని రచనలుండగా ఆ ఊరి చరిత్రకు లోపము కలదనుట సాహసముగా తోపవచ్చును. అయినను వీనిని వరుసగా చదివినవారికి ఒక సంగతి తట్టక మానదు. గనిలోపల ఏమి జరిగినదో వీనిలో కలదు. గనికి యజమానులెవరో కలదు. కాని గని చుట్టునున్న పల్లెలు మాత్రము వీనిలో కానరావు. ఆ పల్లెలలో తరతరములుగా వినబడుచున్న భాషలలో తెలుగు ముఖ్యమైనది. కావున ఈ లోపము తెలుగువారికి సంబంధించిన లోపము గూడ అగుచున్నది.

ఈ గనుల ఊరు బెంగళూరునకు తూర్పున సుమారు 100 కిలోమీటర్ల దూరమున కలదు. బంగారపేట కూడలి నుండి 1894లో వేయబడిన శాఖామార్గమున మారికుప్పము వరకు రైలు పోవును. బంగారపేట పేరే ఒక వింత. మైసూరునకు కమిషనరుగా నుండిన బౌరింగు దొర పేర దానిని ప్రభుత్వమువారు బౌరింగుపేట యనిరి. దొరతనపు కాగితములలో ఆ పేరు చాలకాలము నిలిచినది గాని, కాలక్రమమున బౌరింగు మరుగై బంగారము మిగిలినది. బంగారమను మాట కన్నడమునకును తెలుగునకును ఉమ్మడి సొమ్ము గనుక, ఈ మార్పు ఏ భాషవారి చలవ యని తగవులాడ నక్కరలేదు.

చరిత్రకారులు సామాన్యముగా కథను 1871తో నారంభింతురు. న్యూజిలాండులో మావోరీ యుద్ధములలో పాల్గొని, బెంగళూరు దండులో స్థిరపడిన మైకేల్ ఫిట్జెరాల్డ్ లవెల్ అను ఐరిష్ సైనికుడు పాత పత్రికలో నొక వ్యాసము చదివెననియు, ఎడ్లబండిపై కోలారు ప్రాంతమునకు పోయి వెదకెననియు, 1873లో మైసూరు ప్రభుత్వమునకు అర్జీ పెట్టుకొని 1875లో 20 ఏండ్ల కౌలు సంపాదించెననియు చెప్పుదురు. కథ సత్యమే. బెంగళూరులోని లవెల్ రోడ్డు నేటికిని అతనిని స్మరింపజేయుచున్నది. అయితే లవెల్ గనిలో లాభము చూడలేదు. చేతిలోని ధనము కరిగిపోగా హక్కులను ఇతరులకు విడిచిపెట్టెను. ఆ మీదట లండనులోని జాన్ టైలర్ అండ్ సన్స్ సంస్థ 1880 ప్రాంతమున రంగమునకు వచ్చినది. ఛాంపియన్ రీఫ్ అను మహాసిర దొరికిన తరువాత గాని గనులకు నిజమైన భాగ్యము పట్టలేదు.

ఇచ్చట ప్రశ్న యేమనగా, లవెల్ చదివిన ఆ వ్యాసము ఎవరు వ్రాసిరి, వారికి ఎవరు చెప్పిరి అనునది. వ్రాసినవాడు లెఫ్టినెంటు జాన్ వారెన్. టిప్పు సుల్తాను 1799లో కూలిన పిదప మైసూరు సరిహద్దులను నిర్ణయించుటకు జరిగిన సర్వేలో అతడు కర్నల్ మెకంజీ క్రింద పనిచేసెను. తెలుగు పాఠకులకు మెకంజీ పేరు వినగానే ఏలూరికి చెందిన కావలి బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు జ్ఞప్తికి వత్తురు. ఆ సర్వేతో పాటే వారి శాసన, కైఫీయతుల సేకరణయు సాగినది. వారెన్ సామాన్యుడు కాడు. ఫ్రెంచి వంశజుడైన ఇతడు పిదప మద్రాసు నక్షత్రశాలకు అధికారియై, దాక్షిణాత్యుల పంచాంగగణితమును వివరించుచు ‘కాలసంకలిత’ మను బృహద్గ్రంథమును 1825లో ప్రకటించెను. తమిళుల సౌరమానమును, తెలుగువారి చాంద్రమానమును అంత శ్రద్ధతో లెక్కించి చూపిన పాశ్చాత్యులు ఆ కాలమున అరుదు. బంగారపు తొలి వార్తాహరుడే పంచాంగపు వ్యాఖ్యాత యగుట చరిత్రకారులు చెప్పదగిన విశేషము. కాని గనుల చరిత్ర వ్రాసినవారు దీనిని పట్టించుకొనలేదు.

ఆ వారెన్‌కు బంగారమును చూపినవారు పల్లెవాండ్రు. 1802లో అతడు ఆ ప్రాంతమున బంగారము కలదని వదంతి విని, చూపినవారికి బహుమానమిత్తునని చాటించెను. ఊరిగాము పల్లెవాసులు బండ్లలో మన్ను తెచ్చి అతని ముందర నీటితో కడిగి బంగారు రేణువులను వేరుచేసి చూపిరి. మారికుప్పము ప్రాంతమున అప్పటికే జనులు లోతు గోతులలో దిగి రాతిని పైకి తెచ్చి, దంచి, కడుగుచుండిరి. అనగా లవెల్ కనుగొన్నది బంగారము కాదు, వారెన్ వ్యాసమును. వారెన్ కనుగొన్నది గని కాదు. గని తెలిసిన మనుష్యులను. చరిత్ర గ్రంథములలో మొదటి ఇద్దరకు పేర్లు కలవు, మూడవవారికి లేవు. పేరు తెలియకపోవుట చరిత్రకారుల తప్పు కాదు. కాని పేరు తెలియనివారిని ‘స్థానికులు’ అను ఒక్క మాటతో దాటివేసి, మరు వాక్యముననే లండను షేరు బజారునకు పోవుట వారి తప్పే.

ఇంకను వెనుకకు పోవచ్చును. కంపెనీలు తవ్వుట కారంభించిన చోటులందు పాత గోతులు విస్తారముగా కనబడెను. రాతిని మంటతో కాల్చి పగులగొట్టిన గుర్తులు వానియందుండెను. పురావస్తువేత్త ఎఫ్. ఆర్. ఆల్చిన్ 1962లో ప్రాచీన భారతదేశపు బంగారు గనులను గూర్చి వ్రాసిన వ్యాసము ఈ విషయమున నేటికిని చదువదగినది. కోలారు పాత పనులలో దొరికిన కొయ్యకు రేడియోకార్బను పరీక్ష చేయగా అది క్రీస్తుశకపు తొలి వేయేండ్ల నడిమి కాలమునకు చెందినదని తేలినది. అది కోలారును, అనగా కువలాలపురమును, తమ బిరుదములలో చెప్పుకొనిన గంగవంశపు రాజుల కాలమునకు సమీపము. బి. ఎల్. రైస్ 1905లో ప్రకటించిన కోలారు జిల్లా శాసన సంపుటమున కన్నడ, తమిళ శాసనములతో పాటు తెలుగు శాసనములు గూడ కలవు. అదే రైస్ మైసూరు గెజెటీరును గూడ కూర్చెను. ఒకే చేతి నుండి వచ్చిన ఈ రెండు గ్రంథములను ప్రక్కప్రక్కన పెట్టి చదివిన గనుల చరిత్రకారుడు కానరాడు. శాసనములు పండితులకనియు, గెజెటీరు పాలకులకనియు, గనులు ఇంజనీర్లకనియు విభజించుకొనుటయే ఇందులకు మూలము.

గనుల పేర్లను చూచినను ఈ విభజన తెలియును. ఊరిగాము, మారికుప్పము, బిసానత్తము అనునవి పల్లెల పేర్లు. నందిదుర్గము, బాలాఘాటు, కోరమాండలు అనునవి కంపెనీల పేర్లు. నంది కొండకును నందిదుర్గపు గనికిని సంబంధము లేదు. కోరమాండలు తీరము అచ్చటికి ఎంతో దూరము. లండనులో షేర్లు కొనువారికి వినుటకు ఘనముగా నుండవలెనని పెట్టిన పేర్లివి. పట్టణములోని రాబర్ట్‌సన్ పేట మైసూరు రెసిడెంటు డొనాల్డ్ రాబర్ట్‌సన్ పేర వెలసినది. పేరు పెట్టిన వానిదే చరిత్రయగుచో, ఈ ఊరి చరిత్ర లండనుననే ముగియవలెను.

ఇక ముఖ్యమైన విషయము. గనిలో పనిచేసినవారెవరు? ఏ గ్రంథము తెరచినను ఒకటే జవాబు: ‘ఉత్తర ఆర్కాటు, సేలము జిల్లాల నుండి వచ్చిన తమిళ కూలీలు’. గనిలో దిగిన కార్మికులలో తమిళులే అత్యధికులనుటలో సందేహము లేదు. వారిలో దళితులు అధికులనుటయు నిజము. గనుల భారమంతయు ప్రధానముగా వారి భుజములపైననే నిలిచినది. దానిని తగ్గించి చెప్పుట అన్యాయము. అయితే ‘ఉత్తర ఆర్కాటు’ అను మాటను ‘తమిళుడు’ అను మాటకు పర్యాయముగా వాడుట మాత్రము చరిత్రజ్ఞానము లేని పని. 1911 ఏప్రిలు 1వ తేదీన చిత్తూరు జిల్లా ఏర్పడునంత వరకు చిత్తూరు, చంద్రగిరి, పలమనేరు తాలూకాలును, పుంగనూరు, కాళహస్తి, కంగుంది మొదలగు జమీలును ఉత్తర ఆర్కాటులోనివే. ఆ జిల్లాకు ముఖ్యపట్టణము చిత్తూరే! కంగుంది జమీలోని కుప్పము గనులకు అతి సమీపమున నున్నది. అక్కడి నుండి మేస్త్రి వెంట నడచివచ్చిన తెలుగు కూలీ, మస్టరు పుస్తకములో ‘ఉత్తర ఆర్కాటు’ వాడే అయియుండును. నూరేండ్ల పిదప ఆ పుస్తకమును చదివిన పరిశోధకుడు నేటి పటమును ముందుంచుకొని వానిని తమిళునిగా లెక్కించును. మొదటి ముప్పదియేండ్ల లెక్కలన్నిటిలోను ఈ పొరపాటునకు తావు కలదు.

ఇందువలన గనిలో తెలుగువారెంతమందియో తేలదు. తేలునదొక్కటే: జిల్లాపేరు భాషకు సాక్ష్యము కాజాలదు. తాలూకా పేరు, వీలైనచో పల్లె పేరు చూడవలెను. కోలారు జిల్లా లోపలి పల్లెల నుండి ఉపరితలపు పనులకు, బండ్లు తోలుటకు, కట్టెలు, కూరగాయలు, పాలు సరఫరా చేయుటకు వచ్చినవారిని గూర్చి ఈ గ్రంథములలో ఇంకను తక్కువ. గని మస్టరులో లేనివాడు చరిత్రలోను లేడు. వేలకొలది జనులు ఒక్కచోట చేరినపుడు వారికి తిండి ఎచ్చటి నుండి వచ్చినదను ప్రశ్న గనుల చరిత్రకారులకు తోచకపోవుట ఆశ్చర్యము.

చూచినవారి కన్నును బట్టి చరిత్ర మారుననుటకు మంచి నిదర్శనము ఫ్రెడ్ గుడ్‌విల్. ఈయన బెంగళూరు, కోలారు గనుల వెస్లియన్ తమిళ మిషనునకు పర్యవేక్షకుడు. గనులను గూర్చి శ్రమించి పరిశోధించి, బెంగళూరులోని మిథిక్ సొసైటీ పత్రికలో వ్యాసములు ప్రకటించెను. తరువాతివారు ఆయన పరిశోధనకు ఎంతో ఋణపడియున్నారు. కాని తమిళ మిషను పెద్దకు నిత్యము ఎదురుపడినవారు తమిళులే యగుట సహజము. ఆయన చూచినది అబద్ధము కాదు. ఆయన చూచినదే సర్వమని తరువాతివారు తలచుట దోషము.

ఇటీవలి గ్రంథములలో జానకి నాయర్ 1998లో ప్రకటించిన ‘మైనర్స్ అండ్ మిల్‌హ్యాండ్స్’ అన్నిట మిన్న. కోలారు గని కార్మికులను, బెంగళూరు నూలుమిల్లు కార్మికులను ప్రక్కప్రక్కన నిలిపి, మైసూరు సంస్థానమున కార్మికవర్గ మెట్లు రూపొందినదో ఆమె నిపుణముగా చూపెను. వేలిముద్రలు తీయవలెనన్న కంపెనీల ఉత్తరువును ఎదిరించి 1930లో వేలాది కార్మికులు, సంఘమనునది లేకయే, పని మానివేసిన వృత్తాంతము ఆ గ్రంథము వలననే నేటివారికి చక్కగా తెలిసినది. దొంగయని అనుమానింపబడుటను సహింపని వాని అభిమానము ఆ సమ్మెలో కలదు. పల్లెల భాషను గూర్చిన ప్రశ్న ఆమె ఎత్తుకొనలేదు. ఆమె ప్రశ్న వేరు. ఒక గ్రంథము ఎత్తుకొనని ప్రశ్నకు ఆ గ్రంథమును నిందించుట విమర్శ కాదు. ఎత్తుకొనవలసినవారు తెలుగు చదువరులు. వారు ఎత్తుకొనలేదు.

ఎత్తుకొనినవారైనను ఏమి చేసిరి? సభలలో ‘కోలారు తెలుగుసీమ, గనులు తెలుగువారివి’ అని ఒక పలుకు పలికి ముగించుట పరిపాటి అయినది. 1955లో రాష్ట్ర పునర్విభజన సంఘము కోలారు జిల్లాలో తెలుగువారి సంఖ్యాబలమును గమనించియు, జిల్లా కర్ణాటకముననే ఉండుట యుక్తమని చెప్పినది. ఆ నిర్ణయమును గూర్చిన పాత తగవును గనులపైకి ఎక్కించుట వలన చరిత్రకు లాభము లేదు. గనుల ఊరిలో తెలుగు, తమిళము, కన్నడము, ఉర్దూ, ఆంగ్లము ఒకే వీధిలో వినబడెను. పంజాబు నుండి కావలివారు వచ్చిరి, ఇటలీ నుండి గని పనివారు వచ్చిరి. తెలుగువాని పాలు నిర్ణయించుట యనగా ఇతరుల పాలు లాగికొనుట కాదు. గనులకు చేరువనున్న క్యాసంబళ్ళిలో పుట్టిన కె. చెంగలరాయరెడ్డి 1947లో మైసూరు రాష్ట్రపు తొలి ముఖ్యమంత్రి యయ్యెను. ఆయన మైసూరు కాంగ్రెసు నాయకుడుగా, మైసూరు ప్రజలందరి ప్రతినిధిగా నిలిచెను గాని భాషాభిమానము చేత కాదు. గొప్పలు చెప్పుకొనువారు ఈ సంగతి మరువరాదు.

గొప్పలలో మరుగుపడునది కష్టము. ఛాంపియన్ రీఫ్ గని లోతు 3 కిలోమీటర్లకు మించినది. ఒకప్పుడది ప్రపంచమునందలి మిక్కిలి లోతైన గనులలో నొకటి. అంత లోతున రాయి తన బరువునకు తానే పగిలి ఎగిరిపడుచుండెను. దానినే రాక్‌బర్స్టు అందురు. వేడిమి దుర్భరము. రాతిధూళి ఊపిరితిత్తులలో చేరి కలిగించు సిలికోసిస్ జబ్బు మన దేశమున మొట్టమొదట లెక్కకు వచ్చినది ఇచ్చటనే. 1947లో ప్రకటింపబడిన పరీక్షా ఫలితములలో, పరీక్షింపబడిన ఏడువేలకు పైబడిన కార్మికులలో నూటికి 40 మందికి మించి ఆ జబ్బు సోకినవారు. స్మృతిగ్రంథములలో క్లబ్బులు, గాల్ఫు మైదానములు, క్రిస్మసు నాట్యములు పుటలకొలది కలవు. ‘చిన్న ఇంగ్లండు’ అను ముద్దుపేరు ప్రతి పుస్తకమునను కలదు. వెదురు తట్టీలతో అల్లిన గుడిసెల వరుసలు మాత్రము చిత్రమున కొక మూలగా మిగిలినవి. 1965లో గని లోతులలో టాటా పరిశోధన సంస్థవారు, జపాను, ఇంగ్లండు శాస్త్రజ్ఞులతో కలిసి వాతావరణ న్యూట్రినోలను కనుగొనిరని అందరును గర్వముగా చెప్పుదురు. చెప్పవలసినదే. ఆ లోతును తవ్వినవారి ఊపిరితిత్తుల మాటయు ఆ పుటలోనే రావలెను.

బెంగళూరువారు ఈ గనులకు ఎంత ఋణపడియున్నారో గూడ తక్కువగానే వ్రాయబడినది. శివసముద్రమున కావేరి జలపాతము నుండి తీసిన విద్యుచ్ఛక్తి 1902లో మొదట చేరినది బెంగళూరునకు కాదు, సుమారు 92 మైళ్ళ దూరముననున్న కోలారు గనులకు. ఆ కాలమున అంత దూరము తీగపై విద్యుత్తు పంపుట ప్రపంచముననే గొప్ప సాహసము. గనులు కొనుచున్నందున ఆ పథకము నిలిచినది. 1905లో గాని బెంగళూరు వీధులలో దీపములు వెలుగలేదు. నగరపు వెలుగునకు ముందు గని చీకటి కలదు.

రాష్ట్రముల పునర్విభజన జరిగిన 1956 నవంబరు నెలలోనే, 28వ తేదీన, మైసూరు ప్రభుత్వము గనులను స్వాధీనము చేసికొనినది. 1962లో అవి కేంద్రము చేతికి పోయినవి. 1972లో భారత్ గోల్డ్ మైన్స్ సంస్థ ఏర్పడినది. 2001 ఫిబ్రవరి నెలాఖరున గనులు మూతపడినవి. ఈ నాలుగు తేదీలను ప్రతివారును వ్రాయుదురు. కాని అదే సంస్థ చేతిలోనే చిత్తూరు జిల్లాలోని చిగురుగుంట, బిసానత్తము గనులును, అనంతపురము సీమలోని రామగిరి గనియు నుండి, ఆ దెబ్బతోనే మూతపడినవని వ్రాసినవారు అరుదు. కోలారు శిలాపంక్తి ఉత్తర దక్షిణములుగా సుమారు 80 కిలోమీటర్లు సాగి, రాష్ట్రపు సరిహద్దును దాటి కుప్పము సీమలోనికి పోవుచున్నది. భూమిలోని సిరకు 1956 గీత తెలియదు. చరిత్రకారులు మాత్రము ఆ గీతను దాటరు. కర్ణాటకమున కూర్చుండి వ్రాసినవారు బిసానత్తము వద్ద ఆగుదురు. ఆంధ్రమున వ్రాసినవారు కుప్పము వద్ద ఆగుదురు. మధ్యనున్న పదిక్రోసుల నేలయందు నడచిన మనుష్యులు ఎవరి పుస్తకములోను లేరు.

2018లోను 2022లోను వచ్చిన కన్నడ చలనచిత్రములు తెలుగునకు మారి ఈ గనుల పేరును ఊరూర మ్రోగించినవి. 2024లో వచ్చిన తమిళ చిత్రము ‘తంగలాన్’ ఉత్తర ఆర్కాటు దళితుల వలసను కథగా తీసికొనినది. మొదటివి కేవలము కల్పన. రెండవది చరిత్రను తాకిన కల్పన. గనుల పేరు తెలిసిన తెలుగు యువకునికి నేడు తెలిసినది వీరనాయకుని సుత్తె మాత్రమే. దీనికి చలనచిత్రములవారిని అనవలసిన పనిలేదు. చదువదగిన తెలుగు పుస్తకము చేతికి అందియుండినచో కల్పనను కల్పనగా చూచుట వారికి సులభమై యుండెడిది.

చేయదగిన పని మిక్కిలి కష్టమైనదియు కాదు. కార్మికుల మస్టరులలో, చర్చి రిజిస్టరులలో, భూమి దస్తావేజులలో పల్లె పేర్లు కలవు. వానిని 1911కు పూర్వపు పటముతో సరిపోల్చవలెను. గుడుపల్లె, కుప్పము, బేతమంగళము, ముళబాగిలు ప్రాంతములలో గనిలో పనిచేసి విరమించిన వృద్ధులు ఇంకను కలరు. 2001 నాటికి నలుబదేండ్లవారు నేడు అరువదియైదు దాటిరి. పనిముట్లకు, ప్రమాదములకు, లోపలి దారులకు వారు వాడిన మాటలు ఏ నిఘంటువునను లేవు. వానిని వారి నోటనే విని వ్రాసికొనవలెను. బెంగళూరులోని తెలుగు సంఘములకు ఇందులకై దూరము పోనక్కరలేదు. మారికుప్పము నుండి ప్రతిదినము తెల్లవారుజామున బయలుదేరు రైళ్ళలో గని కార్మికుల బిడ్డలు, మనుమలు వేలసంఖ్యలో ఈ నగరమునకు పనికి వచ్చి రాత్రికి తిరిగి పోవుచున్నారు.

గడువు గూడ కొంచెమే. సైనైడుతో బంగారము తీయగా మిగిలిన మన్ను 13 దిబ్బలై, 3 కోట్ల టన్నులకు మించి, ఊరి నడుమ తెల్లని కొండలవలె నిలిచియున్నది. గాలి వీచినపుడు ఆ ధూళి ఇండ్లలోనికి వచ్చును. ఆ దిబ్బల నుండి మిగిలిన బంగారమును తీయుటకు కేంద్రము చేసిన ప్రతిపాదనను 2024 జూనులో కర్ణాటక మంత్రివర్గము అంగీకరించినది. దిబ్బలు కదలినచో, వాని ప్రక్కననే పాతబడుచున్న కార్మికుల వరుసయిండ్లు, ఆ యిండ్లలోని పాత పెట్టెలు, పెట్టెలలోని పే చీటీలు, గుర్తింపు కాగితములు గూడ కదలిపోవును. ఆ చీటీలపై పల్లె పేర్లు కలవు.